‘ఇండిఫరెన్సీ’ : వాడుక తప్పిన యొక మాట కథ

మన గ్రంథాలయ రజతోత్సవ సంచికకు చరిత్ర సంబంధమైన వ్యాసమొకటి వ్రాసి యిమ్మని కార్యవర్గమువారు కోరినప్పుడు, పుత్తూరు ప్రాంతపు దేవాలయములను గూర్చియో, పాళెగాండ్రను గూర్చియో వ్రాయుదునని వారు తలచియుందురు. ఆ విషయములను నాకంటె బాగుగా నెరిగినవారు ఈ సీమలో పెక్కుమంది కలరు. నేను వ్రాయబోవునది ఒక మాటను గూర్చి. అదియు తెలుగుమాట కాదు. ఆంగ్లేయులే మరచిపోయిన ఆంగ్లపదము. దానికిని మన పల్లెకును ఏమి సంబంధమని పాఠకులు విసుగు చెందకుందురు గాక. ఆ మాట వెంట దేశదేశములు తిరిగి తుదకు నేను వచ్చి చేరినది తిరుత్తణి ప్రక్క మా మేనమామగారి యింటి అరుగుమీదికే.

ఒకనాటి సాయంకాలము మన పఠనమందిరమున ఒక కళాశాల విద్యార్థి నాయొద్దకు వచ్చి తన పాఠ్యపుస్తకములోని యొక పుటను చూపెను. రాజ్యవ్యవస్థ లేని కాలమున మనుష్యులకు కొరవడినవి యేవియో జాన్ లాక్ అను ఆంగ్ల తత్త్వవేత్త వివరించిన పట్టు అది. అందరెరిగిన న్యాయాధిపతి, ‘ఇండిఫరెంటు’ అయిన న్యాయాధిపతి లేకపోవుట ఆ లోపములలో నొకటియని అచ్చట నున్నది. “అయ్యా, దేనిని పట్టించుకొనని న్యాయాధిపతి లేడని విచారపడనేల? అట్టివారు మనకు కావలసినంతమంది యున్నారు గదా!” అని ఆ బాలుడడిగెను. నాకు నవ్వు వచ్చెను. కాని వెంటనే చెప్పదగిన సమాధానము దొరకలేదు. మన బీరువాలోని చిన్న నిఘంటువున ఆ పదమునకు ఉదాసీనుడు, అశ్రద్ధ గలవాడు అను అర్థములే యున్నవి. ఇంతటి తత్త్వవేత్త అశ్రద్ధ గల న్యాయాధిపతిని కోరునా? పెద్ద నిఘంటువులను తిరుగవేయగా అసలు సంగతి తెలియవచ్చినది.

లాటిను భాషలో ఆ పదమునకు ‘భేదము లేనిది’ యని అవయవార్థము. గ్రీకు దేశపు స్టోయిక్ తత్త్వజ్ఞులు మంచిలోను చెడులోను చేరని వస్తువుల నొక కోవగా లెక్కించిరి. ధనము, ఆరోగ్యము, కీర్తి మున్నగునవి వారి మతమున అట్టివి. వారి గ్రీకుమాటకు సరియైన లాటినుమాట కావలసి సిసిరో ఈ పదమును ప్రయోగించెను. అది ఇంగ్లండు చేరిన పిమ్మట న్యాయస్థానములలో మంచి గౌరవము సంపాదించినది. వాదికిని ప్రతివాదికిని నడుమ భేదము చూపనివాడు ‘ఇండిఫరెంటు’. అతని గుణము ‘ఇండిఫరెన్సీ’. మన మిప్పుడు నిష్పక్షపాతమనునది అదియే.

1529వ సంవత్సరమున ఎనిమిదవ హెన్రీ తన రాణి కాథరిన్‌ను విడనాడదలచి లండనులో విచారణ జరిపించినప్పుడు, ఆమె ఆ న్యాయస్థానమును ఒప్పుకొనక రోమునకు అప్పీలు చేసికొన్నది. ఆ కథను నాటకముగా వ్రాసిన షేక్స్పియరు, అతని సహకారియైన ఫ్లెచరు, ఆమెచేత పలికించిన మొరలో ఈ మాటయే యున్నది. పరదేశమునుండి వచ్చిన యాడుది, ఇచ్చట నాకు ‘ఇండిఫరెంటు’ అయిన న్యాయాధిపతి లేడని రాజు నెదుటనే చెప్పుకొనును. నేటి యర్థమున చదివినచో ఆ మొరయంతయు తలక్రిందులగును.

షేక్స్పియరే ‘కింగ్ జాన్’ అను మరియొక నాటకమున ‘ఇండిఫరెన్సీ’ని చక్కని పోలికతో వాడినాడు. ఆంగ్లేయులు పచ్చికమీద పెద్ద బంతులను దొర్లించి ఆడు ఆట యొకటి కలదు. ఆ బంతికి ఒక ప్రక్క బరువో వాలో ఉండును. తిన్నగా విడిచినను కొంతదూరము పోయి అది ఆ వైపునకు ఒరగును. ఆ ఒరపునకే ‘బయాస్’ అని పేరు. లోకమను బంతి సమముగా దొర్లవలసినది స్వలాభమను బరువుచేత ‘ఇండిఫరెన్సీ’ని తప్పి ప్రక్కదారి పట్టుచున్నదని ఆ నాటకములోని యొక పాత్ర యాక్షేపించును. పక్షపాతమునకు మన పెద్దలు ‘వలపక్షము’ అనిరి. వల యనగా కుడి. కుడిప్రక్కకు ఒరగుటయే వలపక్షము. రెండు దేశములవారికిని తోచినది ఒక్కటే, ప్రక్కకు వాలుట.

1628లో వెలువడిన ఎడ్వర్డ్ కోక్ ధర్మశాస్త్ర వ్యాఖ్యానమున జూరీ సభ్యుని లక్షణము చెప్పబడినది. అతడు ప్రమాణము చేయుటకు ముందు నిలుచున్న నిలువుననే ‘ఇండిఫరెంటు’గా నుండవలెనట. అనగా ప్రమాణము చేసినందున కలుగు గుణము కాదది, ముందే యుండవలసినది. అమెరికా సుప్రీంకోర్టు 1961లో ఒక హత్యాభియోగమున, పత్రికలు ముందుగనే ముద్దాయిని దోషిగా చాటినందున జూరీవారి మనస్సు చెడినదని శిక్షను త్రోసిపుచ్చుచు, కోక్ వాడిన ఆ పాతమాటనే జ్ఞాపకము చేసినది. వాడుకలో చచ్చిన మాట న్యాయస్థానములలో ఇట్లు బ్రదికియుండుట కద్దు.

జూరీ మొదట ఇట్టిది కాదు. మధ్యయుగములందు ఇంగ్లండున జూరీవారనగా ఇరుగుపొరుగువారే. ఎవని పొలము గట్టు ఎవడు జరిపెనో వారికి ముందే తెలియును. తెలిసినందుననే వారిని పిలుచువారు. కొన్ని శతాబ్దములు గడచునప్పటికి తెలిసియుండుటయే దోషమైనది, తెలియకుండుటయే యోగ్యతయైనది. మన రాయలసీమకు 1800 మొదలు 1807 వరకు కలెక్టరుగా నుండిన మన్రో దొర యీ విషయమున పాతకాలపు ఆంగ్లేయునివంటివాడు. పల్లె తగవు పల్లెలోనివారే తీర్పవలెనని ఆయన వాదించెను. దాని ఫలితముగనే 1816లో మదరాసు ప్రభుత్వము గ్రామ మునసబులకు, గ్రామ పంచాయతులకు చిన్న వ్యాజ్యములను విచారించు అధికార మిచ్చు శాసనములు చేసెను. అవి వ్రాతలో నున్నంతగా వాడుకలోనికి రాలేదు. కాని ఆ ప్రశ్న మాత్రము నిలిచినది: తీర్పు చెప్పవలసినవాడు మన సంగతి యెరిగినవాడా, ఎరుగనివాడా? ఈ ప్రశ్న ముందుకు మరల వచ్చును.

ఇక లాక్ సంగతి. 1689లో ప్రకటితమైన ఆయన రాజనీతిగ్రంథమే ఆ విద్యార్థిని కలవరపెట్టినది. ఆయన మరణానంతరము 1706లో అచ్చయిన చిన్న గ్రంథమొకటి కలదు. బుద్ధిని నడుపవలసిన రీతిని గూర్చిన ఆ గ్రంథమున ‘ఇండిఫరెన్సీ’కి ప్రత్యేకముగ తావిచ్చెను. ఒక విషయము సత్యమగునా కాదాయని విచారించునప్పుడు, అది సత్యమైన బాగుండునని గాని, కాకున్న బాగుండునని గాని మనస్సున కోరిక యుండరాదనునది ఆయన మతము. సాక్ష్యము చూచిన పిమ్మట బుద్ధి యెటు మొగ్గవలెనో అటు మొగ్గును. అంతకు ముందు మొగ్గరాదు. ఇందొక సూక్ష్మము కలదు. రెండింటిలో నేది సత్యమైనను తనకు సమ్మతమే యనువాడు, సత్యము తేలకున్నను సమ్మతమే యనువాడు కాడు. మొదటివాడు ఎంతయో శ్రమపడును. రెండవవాడు ఆవులించును. లాక్ మెచ్చినది మొదటివానిని. లోకము ఆ పదమును ధారపోసినది రెండవవానికి.

అది యెట్లు జరిగినదో ఇదమిత్థమని తేదీ చెప్పుటకు వీలులేదు. షేక్స్పియరు కాలముననే ఆ పదమునకు ‘ఏదో యొక మోస్తరు’ అను అర్థమును ఉండెను. మంచియు కాదు, చెడ్డయు కాదు అను స్టోయిక్కుల భావమునుండియే అది పుట్టినదని తోచుచున్నది. ఎవరివైపును మొగ్గనివాడు ఎవరిని గూర్చియు చింతలేనివాడని లోకులు తలచుట మరియొక మెట్టు. పందొమ్మిదవ శతాబ్దము గడచునప్పటికి పాత అర్థము పుస్తకములకే మిగిలినది. ఆంగ్ల క్రైస్తవసంఘపు 1662 నాటి ప్రార్థనా గ్రంథమున, అధికారులు సత్యముగను ‘ఇండిఫరెంటు’గను న్యాయము జరుపుదురుగాకయని యొక ప్రార్థన యున్నది. మదరాసు కోటలోని సెయింట్ మేరీ చర్చి 1680లో ప్రతిష్ఠితమైనది; కంపెనీ దొరలు అచ్చట చేతబట్టినది ఈ గ్రంథమే. పిమ్మటివారి చెవికి ఆ ప్రార్థన, అధికారులు న్యాయమును ఏదోయొకవిధముగ, పట్టీపట్టనట్లుగ జరుపుదురుగాక యన్నట్లు వినబడజొచ్చినది. అమెరికాలోని సంఘమువారు ఆ మాటను తీసివైచి నిష్పక్షపాతార్థకమైన వేరుమాటను చేర్చిరి. చేర్చకున్నను చాలచోట్ల ఆ ప్రార్థన క్రొత్త యర్థమున ఫలించుచునే యున్నదని చమత్కరించువారు లేకపోలేదు.

దాని స్థానమునకు వచ్చిన మాటలును నిలుకడగా లేవు. స్వార్థము లేనివాడను అర్థమున ‘డిసింటరెస్టెడ్’ అనుచుండిరి. ఇప్పుడు చాలమంది ఆసక్తి లేనివాడను అర్థమున దానిని వాడుచున్నారు. అదియు అదే వాలున జారుచున్నది. జారనిది ఒక్కటి మన పిల్లలకు బాగుగా తెలిసినది, ‘అంపైరు’. ఇరుపక్షములలో జతకానివాడు, బేసివాడు, మూడవవాడు అని దాని మొదటి యర్థము. ఫ్రెంచి మాటలోని తొలి నకారము ఆంగ్లేయుల నాలుకపై ఊడిపోగా అంపైరు మిగిలెను. మన ఊరి చెరువులోపలి మైదానమున క్రికెటు ఆడు బాలురు నిత్యము దూషించుచు, నిత్యము లోబడుచుండు ఈ మూడవవాని పేరు ఇన్ని వందల యేండ్లకును చెక్కుచెదరలేదు. ఆటలో అందరికిని అతని అవసరము కన్నులకు కట్టియుండుటయే కారణమేమో!

ఇంతవరకు వచ్చిన పిమ్మట నాకు మన ‘ఉదాసీనుడు’ జ్ఞప్తికి వచ్చెను. ఆ విద్యార్థికి నిఘంటువు చూపిన తెలుగు అర్థము అదియే గదా. దాని చరిత్ర తరచి చూడగా, దూరదేశమున నుండి ఒకరి నొకరు ఎరుగని యీ రెండు పదములును తోబుట్టువులవలె ఒకే గోతిలో పడినవని తేలినది.

కౌటిల్యుని అర్థశాస్త్రము చాలకాలము పేరుమాత్రమే వినబడిన గ్రంథము. 1905లో మైసూరు ప్రాచ్యగ్రంథాలయమునకు తంజావూరు ప్రాంతపు పండితుడొకడు తెచ్చి యిచ్చిన తాళపత్రములలో అది బయటపడెను. ఆ గ్రంథాలయాధికారి శామశాస్త్రిగారు దానిని 1909లో అచ్చు వేయించిరి. గ్రంథాలయములవలన లోకమునకేమి లాభమని యడుగువారికి ఈ యొక్క కథ చాలును. అందు ఆరవ అధికరణమున రాజమండల వర్ణన కలదు. జయింపదలచిన రాజు, అతని శత్రువు, వారి వారి మిత్రులు మొదలగు పన్నిద్దరిలో మధ్యముడు, ఉదాసీనుడు అని యిద్దరు వేరుగ నుందురు. మధ్యముని భూమి ఇరువురి పొలిమేరలకును తగులును. ఉదాసీనుడు వీరందరికిని వెలుపల నుండువాడు, అందరికంటెను బలవంతుడు. తలచినచో వారికి తోడ్పడగలడు, వారిని అణచగలడు. ‘ఉత్’ అనగా ఎడముగ, పైగ, ‘ఆసీనుడు’ కూర్చున్నవాడు. చేతగాక కూర్చున్నవాడు కాడు, చేవ యుండి కూర్చున్నవాడు. ఈ బలము సంగతి మనము పూర్తిగా మరచిపోయితిమి.

భగవద్గీత ఆరవ అధ్యాయమున స్నేహితులు, శత్రువులు, బంధువులు మొదలైనవారితోపాటు ఉదాసీనుడు, మధ్యస్థుడు అను ఇద్దరు ప్రక్కప్రక్కనే చెప్పబడిరి. ఇద్దరును ఏ పక్షమునకు చేరనివారే యైనప్పుడు రెండు మాటలేల? శంకరాచార్యులు భాష్యమున దీనికి సమాధాన మిచ్చిరి. ఎవరి పక్షమును వహింపనివాడు ఉదాసీనుడు. విరోధించిన ఇరువురి హితమును కోరువాడు మధ్యస్థుడు. ఇంత చిన్న వాక్యమున ఇంత పెద్ద భేదమును చూపుట వారికే చెల్లినది. ఆంగ్లేయులు ‘ఇండిఫరెన్సీ’ యను ఒక్క గిన్నెలో ఈ రెంటిని కలిపి పోసిరి, పాలు విరిగిపోయినవి. మనవారు వేరువేరుగ నుంచినందున, ఉదాసీనత చెడినను మధ్యస్థము చెడలేదు. నేటికిని పల్లెలలో ‘మధ్యస్థము చేయుడు’ అని పెద్దమనుష్యులను పిలుతురే గాని, ‘ఉదాసీనముగ నుండుడు’ అని యెవరును పిలువరు.

తటస్థుడను మాటయు నిట్టిదే. తటము అనగా ఒడ్డు. ఏటిలో ఇద్దరు పెనగులాడుచుండగా ఒడ్డున నిలుచున్నవాడు తటస్థుడు. భారతమున బలరాముడు అక్షరాల తటస్థుడు. భీముడును దుర్యోధనుడును తనకు శిష్యులే గావున, యుద్ధమున నెవరివైపును చేరక సరస్వతీనదీ తీరము వెంట తీర్థయాత్ర పోయెను. పదునెనిమిది దినముల యుద్ధములో ఆయన చేసిన మధ్యస్థమేమియు లేదు. తిరిగి వచ్చి గదాయుద్ధమున భీముడు తొడపై కొట్టుట చూచి నాగలి యెత్తి మీదికి పోయెను. ఒడ్డున నున్నంతమాత్రమున మనస్సు ఒడ్డుననే యుండదని తిక్కన తెలుగుచేసిన ఈ ఘట్టమును చదివిన ప్రతివానికి తెలియును. మరియొకవైపు విదురుడు ధృతరాష్ట్రుని కొలువున, ఏటి నడుమనే యుండెను. ఇరుపక్షములవారి మేలు కోరి పలికినవాడు ఆయనయే. ఆయన మాట నెవరును వినకపోవుట వేరు సంగతి.

మాటలు క్షీణించుటకు ఉదాహరణ కావలెనన్న దూరము పోనక్కరలేదు. ‘తగు’ ధాతువునుండి పుట్టిన ‘తగవు’ పూర్వకవుల కాలమున న్యాయము, ఔచిత్యము. తగవు తప్పనివాడు తగవరి. నేడు తగవు అనగా జగడము. తగవులమారి అనగా కయ్యములకు కాలు దువ్వువాడు. న్యాయము కోరిపోయిన చోటనెల్ల జగడమే కనబడినందున జనులు పేరు మార్చుకొనిరేమో, ఎవరు చెప్పగలరు?

ఇప్పుడు నా అసలు ప్రస్తావనకు వచ్చుచున్నాను. మన పుత్తూరు 1911 వరకు ఉత్తరార్కాడు జిల్లాలో నుండెను. ఆ యేడు చిత్తూరు జిల్లా యేర్పడగా అందు చేరెను. 2022 నుండి తిరుపతి జిల్లాలోనిది. మనము కదలలేదు, మన చుట్టును గీతలే కదలినవి. రేణిగుంటనుండి అరక్కోణము పోవు రైలు పుత్తూరు, నగరి, ఏకాంబరకుప్పము దాటి తిరుత్తణి చేరును. ఈ దారిలో ఎచ్చట తెలుగు ముగిసి ఎచ్చట తమిళము మొదలగునో రైలులో కూర్చున్నవానికి తెలియదు. ఒక బల్లమీదనే రెండును వినబడును. పలుమారు ఒక నోటనే వినబడును.

1953 అక్టోబరు 1వ తేదీన ఆంధ్రరాష్ట్రము అవతరించినప్పుడు చిత్తూరు జిల్లా మొత్తము ఆంధ్రమున చేరెను. తిరుత్తణి తాలూకాయు దానితోనే వచ్చెను. తిరుత్తణియనగా సర్వేపల్లి రాధాకృష్ణపండితుడు 1888లో జన్మించిన యూరు. తమిళులకు అది కుమారస్వామి వెలసిన దివ్యక్షేత్రము. తిరుపతితో సహా ఈ సీమయంతయు తమకే చెందవలెనని మ. పొ. శివజ్ఞానముగారి నాయకత్వమున తమిళులు ఉద్యమము నడిపిరి. తెలుగువారికి చెన్నపట్టణము పోయిన బాధ అప్పటికింకను పచ్చిగనే యుండెను. ఇరుప్రక్కల ఊరేగింపులు, నినాదములు. ఈ తగవు (పాత అర్థమున కాదు, క్రొత్త యర్థముననే) తీర్చుటకు ఉభయ ప్రభుత్వములును సమ్మతించి ఒక మధ్యవర్తిని కోరుకొనెను. ఆయన పేరు హరి వినాయక పటాస్కరు. రాజ్యాంగ నిర్మాణసభ సభ్యుడు. కేంద్రమున న్యాయవ్యవహారముల మంత్రియై 1955లో హిందూ వివాహ చట్టమును పార్లమెంటున నడిపినవాడు. పిమ్మట మధ్యప్రదేశ్ గవర్నరు. మహారాష్ట్రుడు. తెలుగును గాని తమిళమును గాని తనదని చెప్పుకొనువాడు కాడు. కోక్ చెప్పినట్లు, నిలుచున్న నిలువుననే ‘ఇండిఫరెంటు’.

ఆయన 1957లో చేసిన నిర్ణయమునకు మూడు ఆధారములు. గ్రామమే కొలత. గ్రామమున అధికసంఖ్యాకులు మాటలాడు భాష యేది? ఆ గ్రామము ఆ భాషాప్రాంతమునకు ఎడతెగక ఆనుకొని యున్నదా? చూచుటకు ఇవి సామాన్యమైన ప్రశ్నలే. కాని వీనిలో మొదటిదాని విలువ నాకు చాలయేండ్లు తెలియలేదు. జిల్లాను కొలతగా తీసికొన్నచో తిరుత్తణిలోని తమిళుల సంఖ్య జిల్లాలోని తెలుగువారి సంఖ్యలో మునిగిపోవును, తీర్పు తెలుగువారిది. తాలూకాను కొలతగా తీసికొన్నచో దాని అంచులనున్న తెలుగుపల్లెలు మూకుమ్మడిగ తమిళమున చేరును, తీర్పు తమిళులది. లెక్కలో ఒక్క తల యైనను దొంగిలింపనక్కరలేదు. లెక్కించువాడు ఎంత ధర్మాత్ముడైనను కొలబద్దను ఎన్నుకొనుటలోనే వలపక్షము దాగియుండవచ్చును. గ్రామముకంటె చిన్న కొలత వేరొకటి లేదు. దానిని పట్టుకొనుటలోనే ఆ మధ్యవర్తి నిష్పక్షపాతము కనబడుచున్నది. పిమ్మట మహారాష్ట్రము, మైసూరు రాష్ట్రములు బెళగాము కొరకు తగవులాడుకొన్నప్పుడు, గ్రామమునే కొలతగా గొనుడని మహారాష్ట్రము పట్టుబట్టినది. 1966లో నియమితమైన మహాజన్ సంఘము మరుసటి యేడు నివేదిక నిచ్చినను అది తెగలేదు. సుప్రీంకోర్టు వరకును పోయినది. మనది తెగినది.

తెగుట యనగా ఏమియో వ్రాతలో చెప్పుట సులభము. 1959వ సంవత్సరపు సరిహద్దుల మార్పు చట్టము ప్రకారము 1960 ఏప్రిల్ 1వ తేదీనుండి తిరుత్తణి తాలూకాలో అధికభాగము, పళ్ళిపట్టు ప్రాంతము మదరాసు రాష్ట్రమునకు పోయినవి. చెంగల్పట్టు జిల్లానుండి సత్యవేడు ప్రాంతము, సేలము జిల్లానుండి కొన్ని గ్రామములు మనకు వచ్చినవి. ఇంతే. మా తల్లిగారి పుట్టినిల్లు తిరుత్తణి తాలూకాలోని యొక పల్లె. ఆ దినమున ఆమె పుట్టినిల్లు ఒక రాష్ట్రమును, మెట్టినిల్లు వేరొక రాష్ట్రమును అయినవి. నేనప్పుడు చిన్న బడిలో చదువుచుంటిని. వేసవి సెలవులలో మామగారి యింటికి పోయినప్పుడు అరుగుమీద జరుగు సంభాషణలు నాకు కొన్ని జ్ఞాపకమున్నవి. మా మామగారు వేడి మనిషి. “రెండు భాషలలో నేదియు తనది కానివాడు మన కష్టసుఖముల నెట్లు ఎరుగును నాయనా?” అని తన తండ్రి నడుగుచుండెను. మా తాతగారు పల్లెలో పదిమందికి మధ్యస్థము చెప్పిన మనిషి. చుట్ట ఆర్పి, “ఏదియు తనది కానివాడు గనుకనే ఇద్దరును ఒప్పుకొనిరి. నిన్ను పిలిచియుండిన వా రొప్పుకొందురా? వారిలో నొకని పిలిచిన నీవు ఒప్పుకొందువా?” అనువాడు. మామగారు, “ఒప్పుకొనను. అయినను అడుగవలసినవాడు వచ్చి మన యరుగుమీద ఒక దినము కూర్చుండవలదా?” అనును. ఇట్లు గంటలకొలది. ఒకే మాటకుగల రెండర్థములు తండ్రికొడుకుల రూపమెత్తి వాదించుకొన్నవని ఇన్నాళ్ళకు నాకు తోచినది. మా తాతగారు లాక్ పేరు వినలేదు; మా మామగారు మన్రో శాసనములను చదువలేదు.

ఇందు నా యభిప్రాయము చెప్పవలెనన్న, తాతగారు చెప్పినది న్యాయము, మామగారు కోరినదియు న్యాయమే. గ్రామమునకు గ్రామము లెక్కించునప్పుడు ప్రతి గ్రామమునను ఓడిపోయినవారు కొందరుందురు. తమిళులు అధికముగాగల పల్లెలో తెలుగు కుటుంబములు, తెలుగువారు అధికముగాగల పల్లెలో తమిళ కుటుంబములు. ఇంటిలో తెలుగు, వీధిలో తమిళము మాటలాడు మా మామగారివంటివారిని ఏ గడిలో వ్రాయవలెను? జనాభాలెక్కల కాగితమున ఒక గడియే యుండును. చుట్టును పరభాషాగ్రామములున్న పల్లె, సంఖ్య తన వైపున నున్నను, ఆనుకొనియుండుట యను నియమముచేత మరియొక వైపునకు పోక తప్పదు. ఇది మధ్యవర్తి దోషము కాదు. గీతకు మందము లేదు, మనుష్యులకు కలదు. గీత గీచిన పిమ్మట దానికి ఆవల మిగిలినవారి బడి, భాష, కాగితములు ఎట్లుండవలెనో చూచుట ఉభయ ప్రభుత్వముల పని. శంకరులు చెప్పిన ఇరుపక్షముల హితమనునది అచ్చట మొదలు కావలసి యుండెను. అది యెంత జరిగినదో ఆ పల్లెలలో ఇప్పుడు తెలుగు చదువగల పిల్లలను వెదకిన తెలియును. సత్యవేడు వైపున తమిళము చదువగల పిల్లలను గూర్చియు అదే ప్రశ్న వేయవలెను. లేనిచో నేనును వలపక్షము చూపినవాడనగుదును.

మామగారు తరువాతి కాలమున శాంతించిరి. తమిళనాడని ఆ రాష్ట్రమునకు 1969లో పేరు మారినప్పుడు ఆయన ఏమియు ననలేదు. తిరుత్తణి 1997లో తిరువళ్ళూరు జిల్లాలో చేరినప్పుడు నవ్వి యూరకుండిరి. ఆయన పోయిన పిమ్మట పెట్టె తెరచి చూడగా భూమిశిస్తు రసీదులు ఒక ఎఱ్ఱగుడ్డలో మూటగట్టి యున్నవి. 1960కి ముందరివి తెలుగున, తరువాతివి తమిళమున. రెంటిని వేరుచేయక, ఏ యేటి వెనుక ఆ యేటిది పేర్చి ఒకే దారముతో కట్టియుంచిరి.

ఆ విద్యార్థి వారము దినములకు మరల వచ్చెను. ఇంతకథయు చెప్పితిని. అతడు ఓపికతో విని, తన యనువాదమున ఏ మాట వ్రాయవలెనని యడిగెను. ఉదాసీనుడని వ్రాయవద్దంటిని. తటస్థుడన్న బలరాముడు అడ్డము వచ్చును. నిష్పక్షపాతి యన్నచో తప్పులేదు గాని, పక్షపాతము లేదని చెప్పునే గాని యున్నదేమో చెప్పదు. మధ్యస్థుడన్నచో లాక్ ఆ మాటలో అంత ప్రేమ నుంచెనా యని అతడే సందేహించెను. మంచి సందేహమే. చివరకు ఒక చీటిమీద ‘తగవరి’ యని వ్రాసి, దాని ప్రక్క ప్రశ్నార్థక చిహ్నముంచి, ఆ చీటిని మన గ్రంథాలయపు నిఘంటువులో ఆ పుటలోనే పెట్టి మరచిపోయెను. తీయవద్దని గ్రంథపాలకునితో చెప్పియుంచితిని.